ముందు ఆ డాక్టర్ని బయటికి పంపండి

తెలుగు సినిమాలో ఎవరికైనా గతం గుర్తులేదంటే, కాసేపట్లో ఒక డాక్టర్ వస్తాడు. తెల్లకోటు, వెనకాల వెలుగుతున్న బల్బు బాక్సు, దాని మీద మెదడు ఫిల్ము. కళ్ళజోడు తీసి చేత్తో పట్టుకుని ఒక ఇంగ్లీషు జబ్బు పేరు చెప్తాడు. పక్కనున్న తండ్రో పోలీసాఫీసరో "అంటే డాక్టర్?" అంటాడు. ఆ "అంటే" మనకోసం. డాక్టర్ మళ్ళీ తెలుగులో చెప్తాడు. హాల్లో అందరూ ఊపిరి పీల్చుకుంటారు. సినిమా మాత్రం అక్కడే ఊపిరి వదిలేస్తుంది.

నా గొడవ డాక్టర్లతో కాదు, ఆ పాత్రకి మనవాళ్ళు అప్పజెప్పే పనితో. అతను రాకముందు తెర మీద కనపడేదాన్ని నమ్మాలా వద్దా అన్న అనుమానం మనది. అతను వచ్చి వెళ్ళాక ఆ అనుమానం హీరో జబ్బయిపోతుంది. మన కళ్ళు బానే ఉన్నాయి, పాడైంది అతని తల. మనుషులందరి జ్ఞాపకమూ నమ్మదగ్గది కాదన్న ఒక పెద్ద విషయాన్ని ఒకే ఒక్కడి మెడికల్ రిపోర్టుకి కుదించేస్తాం. ఇరవై ఏళ్ళుగా ఇదే చేస్తున్నాం. పైగా ఇలాంటివాటికి 'ప్రయోగాత్మక చిత్రం' అని పేరు పెట్టుకుంటున్నాం.

తీసిపారేయదగ్గ సినిమాల గురించి మాట్లాడితే ఉపయోగం లేదు కాబట్టి, మనవాటిలో మంచివే తీసుకుందాం.

2014 జనవరి 10న వచ్చిన సుకుమార్ '1: నేనొక్కడినే'. మొదటి సగం నాకు ఇప్పటికీ ఇష్టం. గౌతమ్ ఒకణ్ణి చంపానని అందరిముందూ ఒప్పుకుంటాడు. వీడియో చూస్తే అక్కడ ఎవరూ ఉండరు. అంతకుముందు మనం కూడా ఆ మనిషిని చూశాం కదా! ఒక స్టార్ సినిమాలో, సంక్రాంతి పండక్కి, ప్రేక్షకుడి కళ్ళనే అబద్ధం చెయ్యడమంటే మామూలు తెగింపు కాదు. కానీ గౌతమ్ మెదడులో ఇరవై ఐదు శాతం గ్రే మ్యాటర్ లేదన్న వివరం సిద్ధంగా ఉంటుంది. తర్వాత లండన్, గోల్డెన్ రైస్, శాస్త్రవేత్తలైన తల్లిదండ్రులు. చివరికి వచ్చేసరికి గౌతమ్ గుర్తుపెట్టుకున్నదే నిజం, లోకమే అబద్ధం. అనుమానంతో మొదలైన సినిమా హీరో జ్ఞాపకానికి కాండక్ట్ సర్టిఫికెట్ ఇచ్చి ముగుస్తుంది. ఇంత చేసినా జనానికి ఎక్కలేదని విడుదలయ్యాక ఇరవై నిమిషాల దాకా కోశారు.

'అనుకోకుండా ఒక రోజు', 2005, చంద్రశేఖర్ యేలేటి. ఒక అమ్మాయి జీవితంలో ఒక రోజు మాయమవుతుంది. నిద్ర లేచేసరికి తను అనుకున్న వారం కాదు. ఎవరో ముక్కూమొహం తెలియనివాళ్ళు తనని గుర్తుపడుతున్నారు. ఇంతకంటే భయంకరమైన ఆలోచన మన సినిమాల్లో అరుదు. నేను చెయ్యని పనులకి నన్ను నిలదీస్తున్నారు, చెయ్యలేదని చెప్పడానికి నాకే నమ్మకం లేదు. కానీ పోలీసు పరిశోధన మొదలవగానే పోయిన రోజు పోయిన సూట్‌కేసులా అయిపోయింది. ఎక్కడ పోయింది, ఎవరు తీశారు, దొరికింది, సంతకం పెట్టి తీసుకెళ్ళండి.

'గజినీ' కూడా 2005దే. తమిళం నుంచి వచ్చి మనదైపోయిన సినిమా. దీనికి నోలన్ 'మెమెంటో' (2000) మాతృక అని అందరికీ తెలుసు. ఒంటి మీద పచ్చబొట్లు, పోలరాయిడ్ ఫొటోలు రెండిట్లోనూ ఉన్నాయి. తేడా ఎక్కడో చూడండి. 'గజినీ'లో ఆ రాతలకి ఏదైనా హాని జరిగితే అది విలన్ పని. 'మెమెంటో'లో హీరో తనకి తానే, తెలిసి తెలిసి, అబద్ధం రాసిపెట్టుకుంటాడు. రేపటి తనని మోసం చెయ్యడానికి ఇవాళ్టి తను సిద్ధపడతాడు. ఆ సినిమాలో అసలైన సరుకు అది. మనం పచ్చబొట్లు తెచ్చుకున్నాం, ఆ సరుకుని మాత్రం దిగుమతి చేసుకోలేదు. పైగా 'మెమెంటో' వెనక నుంచి ముందుకి నడుస్తూ చూసేవాడికి కూడా ఐదు నిమిషాల క్రితం ఏం జరిగిందో తెలియకుండా చేస్తుంది. మన దగ్గర హీరోకి మాత్రమే గుర్తుండదు. మనకి సమస్తం వరస తప్పకుండా, పాటలతో సహా, గుర్తుంటుంది.

ఇక 2018లో ప్రశాంత్ వర్మ 'అ!'. చేప మాట్లాడుతుంది, బోన్సాయ్ చెట్టు మాట్లాడుతుంది, ఒకే రెస్టారెంట్లో ఒకదానితో ఒకటి సంబంధం లేని మనుషులు. ఈ మనుషులంతా ఎవరు అన్న ప్రశ్న ఉన్నంతసేపూ సినిమా బతికే ఉంది. చివర్లో వీళ్ళందరూ ఒకే అమ్మాయి మనసులోని వేర్వేరు వ్యక్తిత్వాలని తెలుస్తుంది. ఆ అమ్మాయి బాధ నిజమైనది, దాన్ని నేను తక్కువ చెయ్యను. కానీ ఆ జవాబు దొరగ్గానే అంతదాకా చూసిన మనుషులందరూ లక్షణాలుగా మారిపోతారు. రాధ, కృష్, మీరా ఎవరి దుఃఖం వాళ్ళది కాకుండా పోతుంది.

నాలుగు సినిమాలు, నాలుగు తెలివైన మొదలులు. నాలుగింటికీ ఒకే జబ్బు: సరైన వెర్షన్ ఒకటి ఎక్కడో భద్రంగా ఉంది, దాన్ని బయటికి తియ్యడమే కథ అనుకోవడం.

ఈ నమ్మకం ఎక్కడిదో నా వృత్తిలో ఉన్నవాళ్ళకి తేలిగ్గానే తెలుస్తుంది. మేం 'మెమరీ' అనే మాటని రోజుకి యాభైసార్లు వాడతాం. అక్కడ రాసింది అక్కడే ఉంటుంది. వందసార్లు చదివినా విలువ మారదు. మారితే అది బగ్, ఎవరో ఒకరు రాత్రి కూర్చుని సరిచెయ్యాలి. మనిషి జ్ఞాపకం ఇలా పనిచెయ్యదు. 1932లోనే బార్ట్‌లెట్ అనే మానసిక శాస్త్రవేత్త ఒక పరాయి దేశపు కథని జనానికి చదివించి మళ్ళీ చెప్పమంటే, ప్రతివాళ్ళూ తెలియకుండానే దాన్ని తమ ఊరి కథగా మార్చేసి చెప్పారు. 1974లో లాఫ్టస్, పామర్ కారు ప్రమాదాల ఫిల్ములు చూపించి, కార్లు 'తగిలినప్పుడు' ఎంత వేగంతో ఉన్నాయని కొందరినీ, 'ఢీకొని నుజ్జయినప్పుడు' ఎంత వేగమని కొందరినీ అడిగారు. క్రియ మారితే వేగం మారింది. వారం తర్వాత, ఫిల్ములో లేని పగిలిన అద్దాలు చూశామని చెప్పినవాళ్ళు రెండో గుంపులోనే ఎక్కువ. 2000లో నాడర్ బృందం ఎలుకల మీద చేసిన ప్రయోగాల్లో తేలిందేమిటంటే, భయపు జ్ఞాపకాన్ని ఒకసారి తట్టి లేపితే మెదడు దాన్ని మళ్ళీ కొత్తగా భద్రపరుచుకోవాలి. ఆ టైములో అడ్డుపడితే అది చెదిరిపోతుంది. అంటే గుర్తుచేసుకోవడం చదవడం లాంటిది కాదు. ప్రతిసారీ తిరగరాయడం.

ఇప్పుడు మన ఫ్లాష్‌బ్యాక్ చూడండి. అందులో అంతా సీసీ కెమెరా ఫుటేజీ. గుర్తుచేసుకునేవాడు ఆ గదిలో లేకపోయినా గదిలో జరిగింది కనిపిస్తుంది. వాడు ఇల్లొదిలి వెళ్ళిపోయాక వాళ్ళమ్మ ఏడ్చిన ఏడుపు కూడా వాడి జ్ఞాపకంలోనే ఉంటుంది! ఎవరూ అడగరు. తెలుగు సినిమాలో ఎవరు ఎవరికైనా అబద్ధం చెప్పొచ్చు, ఫ్లాష్‌బ్యాక్ మాత్రం చెప్పకూడదు. ఈ ఒప్పందాన్ని తెంచనంత కాలం మీరు ఎన్ని డ్రోన్ షాట్లు వేసినా, ఎన్ని రంగులు మార్చినా ప్రయోగం చేసినట్టు కాదు.

"ప్రేక్షకుడికి అర్థం కాదు" అంటారు. ఈ మాట అనేవాళ్ళకి 'మాయాబజార్' గుర్తుచెయ్యాలి. 1957. అందులో ప్రియదర్శిని పెట్టె ఉంది. మూత తీసి ఎవరు చూస్తే వాళ్ళకి ప్రియమైనదే కనిపిస్తుంది. శశిరేఖ చూస్తే అభిమన్యుడు. అదే పెట్టెలో కృష్ణుడు చూస్తే శకుని! చూపు అనేది కంటి పని కాదు, మనసు పని అని ఇంతకంటే సూటిగా చెప్పిన సీను ప్రపంచ సినిమాలో వెతికి తెచ్చుకోవాలి. పల్లెల్లో నేల టిక్కెట్టు కొని చూసినవాళ్ళు ఎవరూ ఆ పెట్టె ఎలా పనిచేస్తుందని అడగలేదు. ఏ డాక్టరూ వచ్చి చెప్పలేదు.

సాహిత్యానికి వస్తే 1969లోనే నవీన్ 'అంపశయ్య' వచ్చింది. ఉస్మానియా క్యాంపస్‌లో రవి అనే కుర్రాడి ఒక్క రోజు. ఏది జరుగుతోంది, ఏది గుర్తొస్తోంది, ఏది ఊహించుకుంటున్నాడు అన్న గీతలు చెరిగిపోతూ నవలంతా నడుస్తుంది. తెలుగు పాఠకులు దాన్ని ఎంత నెత్తికెత్తుకున్నారంటే రచయిత ఇంటిపేరే అంపశయ్య అయిపోయింది. చదవగలిగినవాళ్ళు చూడలేరా?

చూడగలరనడానికి సినిమాలోనే సాక్ష్యం ఉంది. చలం కథ 'దోషగుణం' ఆధారంగా మోహనకృష్ణ ఇంద్రగంటి తీసిన 'గ్రహణం'. తొలి సినిమా, చిన్న బడ్జెట్, దర్శకుడి మొదటి చిత్రానికిచ్చే ఇందిరాగాంధీ జాతీయ పురస్కారం. ఇందులో మతిమరుపు జబ్బు ఎవరికీ లేదు. ఒక కుర్రాడికి జ్వరం, ఒక మూఢనమ్మకం, శారదాంబ మీద ఒక నింద. అంతే, ఊరి చూపు మొత్తం మారిపోతుంది. నిన్నటిదాకా కనపడిన మనిషి ఇవాళ ఎవరికీ కనపడదు. నమ్మదగని చూపుకి గ్రే మ్యాటర్ లోపించనక్కర్లేదు, నలుగురు ఒకేలా నమ్మితే చాలని చెప్పిన తెలుగు సినిమా ఇది. దీన్ని మన 'మైండ్ గేమ్' సినిమాల జాబితాల్లో ఎవరూ చేర్చరు. ఎందుకంటే ట్విస్ట్ లేదు.

ట్విస్టులన్నీ చెడ్డవని నేననను. 2018 సెప్టెంబర్లో వచ్చిన వెంకటేష్ మహా 'కేరాఫ్ కంచరపాలెం'లో ఉన్నంత పెద్ద ట్విస్ట్ మరోటి లేదు. నాలుగు వయసుల్లో నాలుగు ప్రేమకథలు చూస్తాం. సుందరం, జోసెఫ్, గడ్డం, రాజు అని నలుగురు మనుషులనుకుంటాం. చివర్లో నలుగురూ ఒక్కడే. కానీ ఇక్కడ జరిగేది గమనించండి. 'అ!'లో జవాబు తెలియగానే మనుషులు తగ్గిపోయారు. కంచరపాలెంలో జవాబు తెలియగానే ఒక్క మనిషి నలుగురంత పెద్దవాడయ్యాడు. మనం మొదటినుంచీ తప్పుగా చూశామని తెలుస్తుంది. కానీ ఆ తప్పు ఎవరి జబ్బూ కాదు. ఒక మనిషి ముప్ఫై ఏళ్ళలో తనకే వేరేవాడిలా అయిపోతాడన్నది నిజం కాబట్టి మనం మోసపోయాం. నా పరీక్ష ఇదొక్కటే: రెండోసారి చూస్తున్నప్పుడు క్లూలు సరిచూసుకోవడం తప్ప ఇంకేమైనా పని మిగిలిందా? కంచరపాలెంలో మిగిలింది.

పక్కవాళ్ళు కూడా ఆగలేదు. అదూర్ గోపాలకృష్ణన్ 'అనంతరం' 1987లోనే వచ్చింది. అజయన్ తన జీవితం ఒకసారి చెప్తాడు. చెప్పడం అయ్యాక, అదే జీవితాన్ని ఇంకోలా చెప్తాడు. ఏది ఖరారు అని అదూర్ స్టాంపు వెయ్యడు. కన్నడంలో పవన్ కుమార్ జనం దగ్గర చందాలు పోగుచేసి 2013లో 'లూసియా' తీశాడు. మరుసటి ఏడాది రక్షిత్ శెట్టి 'ఉళిదవరు కండంతె' తీశాడు. డబ్బు లేకపోవడం అడ్డం కాలేదు. మనకి డబ్బు లేని సినిమాలు కూడా అదే దారి పట్టాయి. 2020లో అమెరికాలోని తెలుగు కుర్రాళ్ళు స్టార్లు లేకుండా 'గతం' తీసి నేరుగా ఓటీటీలో పెట్టారు. గతం మర్చిపోయి లేచినవాడితో మొదలయ్యే కథ. నిర్మాత ఒత్తిడి లేదు, ఫ్యాన్స్ గొడవ లేదు. అయినా చివరికి పరుగెత్తింది లెక్క తేల్చే ట్విస్ట్ దగ్గరికే. అంటే తప్పు మార్కెట్‌ది ఒక్కటే కాదు, అలవాటుది కూడా.

ఆ అలవాటుని పెంచి పోషిస్తున్నది ఎవరో కాదు, ఈ కారిడార్‌లో ఉండే మనమే. ఖాజాగూడ నుంచి కొండాపూర్ దాకా ఏ ఆఫీసు కెఫెటీరియాలోనైనా వినండి. నోలన్ సినిమా వచ్చిన సోమవారం నాడు అందరూ వైట్‌బోర్డు ముందు నిలబడి టైమ్‌లైన్ గీస్తుంటారు. హాల్లోంచి బయటికొచ్చి లిఫ్టు దిగేలోపే ఫోన్లో 'ఎండింగ్ ఎక్స్‌ప్లెయిన్డ్' వీడియో మొదలవుతుంది. సినిమా మనకి టికెట్‌లా కనిపిస్తుంది. హాల్లో కొనేది కాదు, జిరాలో క్లోజ్ చేసేది. రూట్ కాజ్ దొరికితే క్లోజ్. దొరక్కపోతే "డైరెక్టర్‌కే క్లారిటీ లేదు" అని రేటింగ్ తగ్గిస్తాం. మనలాంటివాళ్ళే శని ఆదివారాల్లో అద్దె కెమెరాతో షార్ట్ ఫిల్ములు తీస్తున్నారు. వాటిల్లో మూడింట ఒకటి 'అంతా అతని భ్రమ' అని ముగుస్తుందని నా అనుమానం. చూసిన ప్రతివాడూ కింద 'మైండ్ బ్లోయింగ్ బ్రో' అని పెడతాడు.

ఇది కేవలం సినిమా పిచ్చోళ్ళ గొడవైతే నేనింత రాసేవాణ్ణి కాదు.

మా నాన్నమ్మ మూడేళ్ళుగా మా దగ్గరే ఖాజాగూడలో, పదకొండో అంతస్తులో ఉంటోంది. డిమెన్షియా. సాయంత్రం అయిదు దాటితే మొదలుపెడుతుంది: "పొద్దు గూకుతుంది బిడ్డా, ఇంటికి వోదాం పా." బాల్కనీలోంచి చూసి కింద చెరువు కట్ట మీద ఎడ్లు పోతున్నాయంటుంది. అక్కడున్నది రోడ్డు. చూడ్డానికొచ్చిన చుట్టాలందరూ ఒకే పని చేస్తారు. ఎదురుగా కూర్చుని "నేనెవరో చెప్పు?" అని పరీక్ష పెడతారు. పెళ్ళి ఆల్బమ్ తెచ్చి చూపిస్తారు. ఫొటో చూడగానే కళ్ళు పెద్దవి చేసి పేరు పెట్టి పిలుస్తుందని ఎదురుచూస్తారు. పిలవకపోతే మొహం వాడిపోతుంది, ఆమె మీద చిరాకు పడేవాళ్ళు కూడా ఉన్నారు. ఇది వాళ్ళకి ఎవరు నేర్పారు? తలకి దెబ్బ తగిలితే గతం పోతుంది, ఇంకో దెబ్బ తగిలితే వస్తుంది, లేదా పాత పాట వినిపిస్తే వస్తుంది అని అరవై ఏళ్ళుగా మనకి నేర్పింది సినిమానే. ఆమె తలలో 'అసలు నాన్నమ్మ' ఎక్కడో భద్రంగా ఉంది, సరైన పాస్‌వర్డ్ కొడితే తెరుచుకుంటుంది అని వాళ్ళు నిజంగా నమ్ముతున్నారు. ఆ నమ్మకం వల్ల ఎదురుగా ఉన్న నాన్నమ్మతో ఎవరూ మాట్లాడరు. ఆ ఎడ్లు ఎవరివని ఒక్కళ్ళూ అడగరు.

ఫ్లోరియాన్ జెల్లర్ తన నాటకం నుంచే 2020లో తీసిన 'ద ఫాదర్' చూడండి. ఆంథొనీ హాప్కిన్స్ చేసిన ముసలాయన ఒక ఫ్లాట్లో ఉంటాడు. ఒక సీన్లో ఉన్న కుర్చీ తర్వాతి సీన్లో ఉండదు. వంటగది అదే, కానీ అదే కాదు. కూతురు గదిలోంచి వెళ్ళి తిరిగొచ్చేసరికి వేరే నటి! సంగీతం మోగదు, కెమెరా ఊగదు, పొగమంచు రాదు. మనకి ఆయన జబ్బు గురించి ఉపన్యాసం ఇవ్వకుండా, గంటన్నర పాటు ఆయన కళ్ళు మనకి అరువిస్తాడు. నాన్నమ్మకి సాయంత్రం ఎందుకు భయమేస్తుందో నాకు ఆ సినిమా చెప్పినంతగా ఏ కరపత్రమూ చెప్పలేదు. దీనికి కావాల్సిందేమిటి? ఒక ఫ్లాటు, కొన్ని కుర్చీలు, ఇద్దరు నటీమణులు. ఖాజాగూడలో ఫ్లాట్లకి కొరతా?

నిజానికి జెల్లర్ స్టూడియోలో వేసిన సెట్ మన చుట్టూ రోజూ వేస్తున్నారు. ఇక్కడి గ్రానైటు రాళ్ళ వయసు దాదాపు 250 కోట్ల ఏళ్ళు. సైబర్ టవర్స్ తెరిచింది 1998లో. ఈ రెండు అంకెల మధ్య ఎవరికీ ఒకే ఖాజాగూడ గుర్తులేదు. ఫక్రుద్దీన్ గుట్ట మీద దర్గాకి పెద్దవాళ్ళతో నడిచొచ్చినవాళ్ళకి ఒకటి, పొలం అమ్ముకున్నవాళ్ళకి ఒకటి, నాలా ఉద్యోగానికొచ్చి కిటికీలోంచి గుట్టని చూసినవాళ్ళకి ఇంకొకటి. ఆర్నెల్లు ఊరెళ్ళి వస్తే మలుపు దగ్గరి బండ ఉండదు. అది అక్కడ ఉండేదా, నేనే ఊహించుకున్నానా? ఈ ప్రశ్న అడిగే మనిషికి ఏ జబ్బూ లేదు. 'బాగా డెవలప్ అయింది' అనే ఒక్క వెర్షన్‌ని ఖరారు చేసేసి, మిగతా గుర్తులన్నిటినీ ముసలాళ్ళ చాదస్తం కింద కొట్టేసే ఊళ్ళో, రెండు జ్ఞాపకాల్ని పక్కపక్కన నిలబెట్టి తీర్పు చెప్పని సినిమా ఒక్కటి ఉంటే అది ఎంత పని చేస్తుందో ఆలోచించండి.

కాబట్టి వీకెండ్ కెమెరాలవాళ్ళకి నేను అడిగేది కొంచెమే. జబ్బు పేరు చెప్పకండి. ఫ్లాష్‌బ్యాక్‌లో గుర్తుచేసుకుంటున్న మనిషి చూడనిది మాకూ చూపించకండి. ఇద్దరు ఒకే సంగతిని రెండు రకాలుగా చెప్తే ఇద్దరినీ చెప్పనివ్వండి, మధ్యలో వీడియో సాక్ష్యం తేకండి. ఇక చూసేవాళ్ళం మనం. ఈసారి అర్థం కాని సినిమా ఏదైనా కనపడితే ఫోన్ తియ్యకుండా ఇంటిదాకా రండి. ఔటర్ సర్వీస్ రోడ్డు మీద సాయంత్రం ట్రాఫిక్‌లో ఎలాగూ గంట పడుతుంది. ఆ గంటసేపు అర్థం కాకుండా ఉండటం ఎలా ఉంటుందో చూడండి. మన ఇళ్ళల్లో కొందరు రోజంతా అలాగే ఉంటున్నారు.